హైదరాబాద్‌లో రాక్ ఆల్బమ్: రిహార్సల్ గది నుంచి విడుదల దాకా

నలుగురో అయిదుగురో ఉన్న బ్యాండు, ఎనిమిది పాటలు, మొత్తం నిడివి 35 నిమిషాలకు అటూ ఇటూ. ఈ లెక్క పెట్టుకునే ఇదంతా రాస్తున్నాం. తొలి ఆల్బమ్‌కి ఎనిమిది పాటలు చాలు. పన్నెండు పెట్టుకుంటే చివరి నాలుగింటికి వచ్చేసరికి డబ్బూ ఓపికా రెండూ అయిపోతాయి, ఆ నీరసం పాటలో వినిపిస్తుంది కూడా.

పాటలు కట్టడం అయిపోయిన రోజు నుంచి ఆరు నెలలు వేసుకోండి. రెండు నెలలు రిహార్సల్‌కి. రికార్డింగ్‌కి డ్రమ్స్ మూడు రోజులు, బేస్ ఒక రోజు, గిటార్లు నాలుగు, గొంతులు అయిదు. అందరికీ ఉద్యోగాలుంటాయి కాబట్టి ఈ పదమూడు రోజుల్ని శని, ఆదివారాల్లో సర్దితే నెలన్నర అవుతుంది. మిక్సింగ్ (విడివిడి ట్రాకుల్ని పాటగా కలపడం), మాస్టరింగ్ (పాటలన్నిటికీ తుది మెరుగు పెట్టడం) కలిపి నెల. మిగిలింది కాగితాలకూ, విడుదల ఏర్పాట్లకూ. ఈ చివరి నెలన్నరను చాలామంది లెక్కలోకే తీసుకోరు, తర్వాత అదే వాళ్లను ముంచుతుంది.

ఒక్కటి గట్టిగా చెప్పాలి. ఒక దశలో వదిలేసిన తప్పును తర్వాతి దశలో సరిదిద్దాలంటే ఎన్నో రెట్లు ఖర్చవుతుంది, అయినా పూర్తిగా పోదు. రిహార్సల్‌లో తేలని వేగం డ్రమ్స్‌లో బయటపడుతుంది. డ్రమ్స్‌లో సర్దుకుపోయిన లోపాన్ని మిక్సింగ్ ఇంజనీరు మూడు రాత్రులు కూర్చుని కప్పిపెట్టగలడేమో గానీ తీసెయ్యలేడు.

వేగం, శ్రుతి ఇంట్లోనే తేలాలి

ప్రతి పాటనూ రిహార్సల్‌లో ఫోనుతో మూడు వేర్వేరు రోజుల్లో రికార్డు చేయండి. ప్రతి దాని వేగం, అంటే నిమిషానికి ఎన్ని బీట్లో (బీపీఎం), కొలిచి కాగితం మీద రాయండి. మూడూ దగ్గరదగ్గరగా ఉంటే మధ్య అంకె తీసుకోండి. ఒక రోజు 112, ఇంకో రోజు 121 వచ్చిందంటే ఆ పాట ఇంకా కుదరలేదని అర్థం, స్టూడియోకి తీసుకెళ్లకండి. క్లిక్ (వాయించేవాళ్ల చెవిలో వేగం చెప్పే టిక్కు టిక్కు) మొదటి నుంచి చివరి దాకా ఒకే అంకె మీద ఉండనక్కర్లేదు. పల్లవిలో 2 బీపీఎం పెంచి, చరణంలోకి వచ్చాక దించితే పాటకు ఊపిరి ఉంటుంది. ఆ మార్పులన్నీ ముందే టెంపో మ్యాప్‌గా కట్టుకోండి.

శ్రుతిని గిటారు వాయించేవాళ్లు ఎంచుకోవడం రాక్ బ్యాండ్లలో పాత జబ్బు. ఈ స్కేలు చేతికి సులువని ఆ స్కేలులోనే పాట కట్టేస్తారు. పాడేవాళ్లు పల్లవిలోని అతి పై స్వరాన్ని వరసగా పదిసార్లు పాడగలగాలి, అదే కొలత. రిహార్సల్‌లో ఒకసారి అందిందంటే సరిపోదు, స్టూడియోలో అదే వాక్యాన్ని పదిహేను సార్లు పాడాల్సి రావచ్చు. అందకపోతే గిటార్లన్నీ అర స్వరం దించి, ఒక నంబరు మందమైన తీగలు వేసుకోండి. పాత సన్న తీగలతోనే దించితే అవి వదులై, గట్టిగా మీటినప్పుడల్లా శ్రుతి పైకి ఎగిరి మళ్లీ కిందికి జారుతుంది.

ఆ తర్వాత ప్రతి పాటకూ ఇంట్లోనే డెమో చేయండి: క్లిక్, ఒక గిటారు, ఒక గొంతు. శుభ్రంగా ఉండాల్సిన పని లేదు. డ్రమ్స్ రికార్డింగ్ రోజు డ్రమ్మరు చెవిలో మోగేది ఇదే కాబట్టి లయ మాత్రం తప్పకూడదు.

తెలుగు మాట రాక్ తాళంలో కూర్చోవాలంటే

తెలుగులో రాక్ పాడే బ్యాండ్లు ఎక్కువ తడబడేది ఇక్కడే. ట్యూను ముందు ఇంగ్లీషు అక్షరాలతో, అర్థం లేని కూతలతో పుడుతుంది, తర్వాత అందులో తెలుగు కుక్కుతారు. వినేవాడికి భాష పరాయిగా తోచేది అందుకే.

మొదటి చిక్కు దీర్ఘం. తెలుగులో హ్రస్వాన్ని సాగదీస్తే మాటే మారిపోతుంది. ‘పడు’ను సాగదీస్తే ‘పాడు’, ‘కల’ను సాగదీస్తే ‘కాల’. పవర్ కార్డు (గిటారు మీద రెండు మూడు తీగలు కలిపి మీటే బరువైన మోత) మోగుతూ గొంతు నాలుగు బీట్లు నిలబడాల్సిన చోట హ్రస్వం ఉంటే ఆ వాక్యం చెడినట్టే. అక్కడ పుట్టుకతో దీర్ఘం ఉన్న అక్షరాన్ని పెట్టాలి: రా, పో, లే, నేనే, లేదు, చాలు. రాసిన ప్రతి వాక్యం మీదా గురువులూ లఘువులూ గుర్తు పెట్టుకోండి. బడిలో ఛందస్సుకి నేర్చుకున్నదే ఇక్కడ పనికొస్తుంది. ‘తలుపు తెరవని గది’ అంటే తొమ్మిదీ లఘువులే, పరుగెత్తే రిఫ్ (మళ్లీ మళ్లీ వచ్చే గిటారు ముక్క) మీద బాగా పోతుంది. ‘చీకట్లో నేనే’ అంటే అయిదూ గురువులే, నెమ్మదిగా బరువుగా వేసే పల్లవికి సరిపోతుంది. వీటిని తారుమారు చేస్తే రెండూ చెడతాయి.

లఘువులు కదా అని మరీ దట్టించకండి. 120 బీపీఎంలో బీటుకి నాలుగు అక్షరాలంటే సెకనుకి ఎనిమిది. ర్యాప్ చేసేవాళ్లకి అది అలవాటే, డిస్టార్షన్ (గరగరమనే) గిటారు వెనక మోగుతుంటే మాత్రం ఒక్క ముక్కా అందదు. బీటుకి రెండు అక్షరాలు సుఖం.

రెండో చిక్కు మాట ముగింపు. స్నేర్ (డ్రమ్ సెట్టులో టపటపమనే చిన్న డ్రమ్) దెబ్బతో పాటు వాక్యం టక్కున తెగాలంటే హల్లుతో ముగిసే మాట కావాలి. తెలుగు మాట అచ్చుతో ముగుస్తుంది, దెబ్బ అయిపోయాక కూడా ఆ అచ్చు వేలాడుతూ ఉంటుంది. సున్నాతో ముగిసే మాటలు, లోకం, దాహం, యుద్ధం లాంటివి, పెదవి మూసుకుని ఆగుతాయి కాబట్టి అక్కడ పనికొస్తాయి. లేదంటే ఆ చివరి అచ్చుని దెబ్బ మీద కాకుండా దెబ్బకి ముందే పూర్తి చేసి, స్నేర్‌ని ఖాళీలో మోగనివ్వండి. మా దృష్టిలో ఈ రెండో పద్ధతే మేలు, తెలుగు నడకకి దగ్గరగా ఉంటుంది.

మూడోది సంధి. అచ్చుతో ముగిసే మాట పక్కన అచ్చుతో మొదలయ్యే మాట పెడితే పాటలో రెండూ అతుక్కుపోతాయి, వినేవాడికి మూడో మాటేదో వినిపిస్తుంది. రాసిన పాటను చూడనివాళ్లకు డెమో వినిపించి, విన్నది రాసివ్వమనండి. తప్పు రాసిన ప్రతి చోటా మాట మార్చండి, పాడేవాళ్ల మీద నెపం వేయకండి.

గదిని ఎంచుకోవడం

ఫిల్మ్‌నగర్, జూబ్లీహిల్స్, కృష్ణానగర్ చుట్టుపక్కల రికార్డింగ్ స్టూడియోలకు కొదవ లేదు. అయితే చాలావరకు సినిమా పని కోసం కట్టినవి: డబ్బింగ్‌కి, పాడేవాళ్లకి పనికొచ్చే చిన్న, మూగ గదులు. గొంతులు అక్కడ చక్కగా వస్తాయి. డ్రమ్ సెట్టుకి మాత్రం ఎత్తయిన కప్పు, కాస్త బతికున్న, అంటే చప్పుడు తిరిగి మోగే, గది కావాలి. అందుకే ఒకే స్టూడియోలో అన్నీ ముగించాలని పట్టు పట్టకండి. డ్రమ్స్ ఒకచోట, గొంతులు ఇంకోచోట, గిటార్లు ఇంట్లో చేసుకున్నా తప్పు లేదు.

బుక్ చేసేముందు అడగాల్సినవి: ఒకేసారి ఎన్ని మైకులు రికార్డవుతాయి? డ్రమ్స్‌కి పన్నెండు ఉంటే సుఖం, ఎనిమిదితో నెట్టుకు రావచ్చు. డ్రమ్మరుకి వేరే హెడ్‌ఫోన్ మిక్స్ ఇవ్వగలరా? సెట్టు బిగించుకునే రెండు మూడు గంటలకూ బిల్లు పడుతుందా? ఇంజనీరు ఫీజు అందులోనే ఉందా? చెప్పిన ధరలో 18 శాతం జీఎస్టీ కలిసిందా? ముడి ట్రాకులు ఎప్పుడు చేతికిస్తారు? ఆ గదిలో రికార్డయిన డ్రమ్స్‌ని మిక్స్ చేయకుండా వినిపించమనండి. ముగించిన పాట వింటే మిక్సింగ్ చేసినవారి పనితనం తెలుస్తుంది తప్ప గది తెలియదు.

స్టూడియో కుదరకపోతే ఫంక్షన్ హాలు మంచి ఉపాయం. ఆషాఢంలో, ముహూర్తాలు లేని రోజుల్లో హాళ్లు ఖాళీగా ఉంటాయి, పని రోజుల్లో బేరమూ కుదురుతుంది. ఆషాఢం అంటే నగరంలో బోనాలు కూడా కాబట్టి ఆదివారాలు వదిలేయండి. రేకుల కప్పు ఉన్న హాలు వద్దు, వాన మొదలైతే ఆ రోజు పోయినట్టే. గ్రానైటు నేల, నున్నటి గోడలు ఉన్న హాల్లో ఒకసారి చప్పట్లు కొట్టి చూడండి. చప్పుడు రెండు సెకన్ల పాటు గణగణమంటూ తిరిగితే టెంట్ హౌస్ నుంచి తివాచీలు, పరుపులు, మందపాటి తెరలు అద్దెకు తెచ్చి, డ్రమ్స్ కింద, వెనక గోడకు, ఇంజనీరు చెప్పిన మూలల్లో వేలాడదీయండి. కరెంటు ఎర్తింగ్ సరిగా ఉందో లేదో ముందు రోజే ఎలక్ట్రీషియన్‌తో చూపించుకోండి. జనరేటరు నడిచే హాల్లో గిటారు గొడవ పెట్టుకోకండి, డ్రమ్స్ ఒక్కటే చేసుకుని బయటపడండి.

ఇంట్లో డ్రమ్స్ కొట్టాలనుకుంటే 2000 నాటి శబ్ద కాలుష్య నిబంధనలు గుర్తుండాలి. నివాస ప్రాంతంలో పగలు 55 డెసిబెల్స్, రాత్రి 10 నుంచి ఉదయం 6 దాకా 45 డెసిబెల్స్ పరిమితి. డ్రమ్ సెట్టు పక్కనే 100 డెసిబెల్స్ దాటుతుంది. అపార్ట్‌మెంటులో ఇది జరిగే పని కాదు.

డ్రమ్స్

ఆల్బమ్‌లో తర్వాత మార్చుకోలేనిది ఇదొక్కటే. గిటారు మళ్లీ వాయించుకోవచ్చు, గొంతు మళ్లీ పాడించుకోవచ్చు. డ్రమ్స్ తప్పితే వాటి మీద వేసినవన్నీ పీకేయాలి. బడ్జెట్‌లో ముందు దీనికి తీసిపెట్టి, మిగిలింది మిగతావాటికి పంచండి.

పైస్కిన్లు అన్నీ కొత్తవి వేయండి, అయితే రికార్డింగ్‌కి ఒక రోజు ముందు. కొత్త స్కిన్ సాగి స్థిరపడటానికి ఆ సమయం కావాలి, అప్పటికప్పుడు వేస్తే గంటగంటకీ శ్రుతి దిగిపోతుంది. వానాకాలం చెమ్మలో, వేసవిలో ఏసీ ఆపి వేసినప్పుడు కూడా ఇదే బాధ. అందుకే ప్రతి పాటకి ముందు ట్యూన్ చేసుకోవాలి. కిక్ (కాలితో కొట్టే పెద్ద డ్రమ్) పెడల్‌కి నూనె వేయండి, ఆ కిర్రుమనే చప్పుడు నెమ్మది పాటలో స్పష్టంగా వినిపిస్తుంది. స్టూలు, స్టాండ్ల మరలూ బిగించండి.

మైకుల్లో కిక్‌కి ఏకేజీ డీ112 లేదా షూర్ బీటా 52ఏ, స్నేర్‌కి షూర్ ఎస్‌ఎమ్57, టామ్‌లకి (మిగతా డ్రమ్ములకి) డైనమిక్ మైకులు, పైన రెండు కండెన్సర్ మైకులు. ఇది ఎక్కడైనా దొరికే అమరిక. పైన పెట్టే రెండు మైకులూ స్నేర్ నడిబొడ్డు నుంచి సమాన దూరంలో ఉండాలి. కళ్లతో చూసి సరిపెట్టుకోకండి, దారం కట్టి కొలవండి. ఒక మీటరు దూరం మంచి మొదలు. శబ్దం ఒక మిల్లీసెకనులో దాదాపు 34 సెంటీమీటర్లు ప్రయాణిస్తుంది. ఒక మైకు 10 సెంటీమీటర్లు దూరం జరిగినా స్నేర్ దానికి ఆలస్యంగా చేరుతుంది, రెండూ కలిపి వింటే స్నేర్ సన్నబడి ఒక పక్కకు ఒరుగుతుంది. స్నేర్ కింద కూడా మైకు పెడితే దాని పోలారిటీ (తరంగం దిశ) తిప్పాలి. దెబ్బ పడగానే పైస్కిన్ పైమైకు నుంచి దూరంగా కదులుతుంది, కింది స్కిన్ కింది మైకు వైపు వస్తుంది. తిప్పకపోతే ఒకదాన్నొకటి కొట్టేసి స్నేర్‌లో కండ పోతుంది. అన్నీ పెట్టాక పైమైకులతో కిక్‌ని కలిపి వింటూ ఒకసారి పోలారిటీ తిప్పండి. ఎటు తిప్పితే కింది స్వరం లావుగా వస్తుందో అదే ఉంచండి.

వాయించేవాళ్లకి చెప్పాల్సింది ఒకటే: స్నేర్, కిక్ గట్టిగా, సింబల్స్ నెమ్మదిగా. స్టేజి మీద దీనికి తలకిందులుగా ఉంటుంది. సింబల్ గట్టిగా మోగితే అది ప్రతి మైకులోకీ దూరుతుంది, తర్వాత స్నేర్‌ని పెంచబోయిన ప్రతిసారీ ఆ ఊదరగొట్టుడు కూడా పెరుగుతుంది.

రోజుకి మూడు పాటలకు మించి పెట్టకండి. ఒక్కో పాటకి మొత్తం టేకులు మూడు, ఆపైన బాగా రాని ముక్కలు మళ్లీ. పాట చివర సింబల్ మోగి సన్నగిల్లేటప్పుడు క్లిక్ ఆపేయండి. లేదంటే హెడ్‌ఫోన్లోంచి కారిన టిక్కు టిక్కు ఆ నిశ్శబ్దంలో దొరికిపోతుంది. చివరి దెబ్బ తర్వాత పది సెకన్లు ఎవరూ కదలకూడదు. ఆఖర్లో కిక్, స్నేర్, ప్రతి టామ్, ప్రతి సింబల్ విడివిడిగా నాలుగేసి సార్లు కొట్టించి పెట్టుకోండి. ఎక్కడైనా ఒక దెబ్బ చెడితే అతకడానికి సొంత శబ్దాలు ఉంటాయి.

ఫైళ్ల సంగతి ఇక్కడే తేల్చుకోవాలి. 24 బిట్, 48 కిలోహెర్ట్జ్ అని మొదటి రోజే అనుకుని చివరి దాకా దానికే కట్టుబడండి. ఇంట్లో గిటారు 44.1లో రికార్డు చేసి, మార్చకుండా 48 సెషన్‌లో పడేస్తే అది దాదాపు 9 శాతం వేగంగా, ఒకటిన్నర సెమీటోన్ పైశ్రుతిలో మోగుతుంది. లెవెల్ సగటున మైనస్ 18 డీబీ, పైకి ఎగిరినా మైనస్ 10 దగ్గర ఆగాలి. ఈ లెక్కన ఒక్కో మోనో ట్రాకు నిమిషానికి 8.6 ఎంబీ. నాలుగు నిమిషాల పాట, 30 ట్రాకులంటే ఒక జీబీ పైచిలుకు, టేకులన్నీ కలిపితే అయిదారు జీబీలు. రెండు హార్డ్ డిస్కులు కొని రెండు ఇళ్లలో పెట్టండి. ఏ రోజు రికార్డింగ్ ఆ రోజే రెండింట్లోకీ ఎక్కాలి, స్టూడియో కంప్యూటర్లో ఉందిలే అని వదిలేయకండి.

బేస్, గిటార్లు

బేస్‌కి కొత్త తీగలు వేసి, పన్నెండో ఫ్రెట్ దగ్గర శ్రుతి సరిచూసి, డీఐ (మైకు లేకుండా గిటారుని రికార్డింగ్‌కి కలిపే చిన్న పెట్టె) ద్వారా నేరుగా రికార్డు చేయండి. యాంప్ ఉంటే దానికీ మైకు పెట్టి రెండూ తీసుకోండి. కిక్‌తో కలవని స్వరాలను అప్పుడే మళ్లీ వాయించాలి, జరిపి సర్దింది జరిపినట్టే వినిపిస్తుంది.

గిటారుకి స్టేజి మీద పెట్టే గెయిన్‌లో (గరగర మోతాదులో) మూడో వంతు తగ్గించండి. ఒక్క గిటారు వింటే పలచగా తోస్తుంది గానీ రిథమ్‌ని రెండుసార్లు వాయించి ఒకటి పూర్తిగా ఎడమకి, ఒకటి కుడికి వేస్తే ఆ పలచదనం పోయి గోడలా నిలబడుతుంది. రెండోసారి నిజంగా వాయించాలి. మొదటి దాన్నే కాపీ చేసి రెండు వైపులా వేస్తే వెడల్పు రాదు, చప్పుడు పెరుగుతుందంతే. మైకు స్పీకర్ కోన్ మధ్యకీ అంచుకీ నడుమ పెట్టి మొదలుపెట్టండి. మధ్యకి జరిపితే పదును, అంచుకి జరిపితే మెత్తదనం. రెండు సెంటీమీటర్ల తేడాకే టోన్ మారుతుంది కాబట్టి ఈక్యూ (పై, కింది స్వరాల సర్దుబాటు) ముట్టుకోకముందు మైకుని జరపండి. యాంప్‌తో పాటు డీఐ ట్రాకు కూడా తప్పనిసరిగా తీసుకోండి, టోన్ నచ్చకపోతే అదే వాయింపుని వేరే యాంప్‌లోంచి పంపవచ్చు.

సింగిల్ కాయిల్ పికప్ (తీగల శబ్దాన్ని పట్టే ఒంటి తీగచుట్ట) ఉన్న గిటారులో గుంయ్‌మనే హమ్ మన కరెంటు 50 హెర్ట్జ్‌దీ, దాని రెట్లదీ. మానిటరుకీ ట్రాన్స్‌ఫార్మరుకీ దూరంగా జరిగి, కూర్చున్న చోటే అటూ ఇటూ తిరిగితే ఒక కోణంలో బాగా తగ్గుతుంది. నేల మీద టేపుతో ఆ చోటు గుర్తు పెట్టుకోండి. కేబుళ్లు, కనెక్టర్లు కోఠి గుజరాతీ గల్లీలో దొరుకుతాయి. రెండేసి అదనంగా కొనండి, తెగేది రికార్డింగ్ మధ్యలోనే.

గొంతులు

రోజుకి రెండు పాటలు, అసలు పాడే సమయం రెండున్నర గంటలు. ఆ తర్వాత గొంతు ఒప్పుకోదు. అరిచే పాటలు రోజు చివర్లో పెట్టుకోండి. ఏసీ, ఫ్రిజ్ ఆపాలి కాబట్టి ఏప్రిల్, మే నెలల్లో పొద్దున్నే మొదలుపెట్టడం మంచిది. ఇంట్లో పాడేట్టయితే వినాయక చవితి నుంచి నిమజ్జనం దాకా ఉన్న రోజులు క్యాలెండర్‌లోంచి కొట్టేయండి.

మైకుకి ఒక జానెడు దూరం, మధ్యలో పాప్ ఫిల్టర్. ప, ఫ, బ, భలు మైకు మీద గాలి కొడతాయి, మైకుని నోటికి సూటిగా కాకుండా కాస్త పక్కకి తిప్పితే చాలావరకు పోతుంది. ఒక్కో పాట నాలుగైదు సార్లు పూర్తిగా పాడించి, మంచి వాక్యాలు ఏరి ఒకటి చేయండి. ఏరేటప్పుడు శ్రుతి కన్నా ముందు మాట చూడండి. పాడనివాళ్లు ఒకరు అచ్చు వేసిన పాట చేతిలో పట్టుకుని ళ, ల, ణ, న, శ, స, ఒత్తులు, దీర్ఘాలు ప్రతిదీ గుర్తు పెట్టాలి. శ్రుతి కొద్దిగా తప్పితే సాఫ్ట్‌వేర్ సరిచేస్తుంది, ‘ళ’ బదులు ‘ల’ పడితే ఏదీ సరిచేయదు.

గుంపు కేకలు కావాలంటే నలుగురూ నిలబడే చోటు మార్చుకుంటూ మూడుసార్లు అరిస్తే పన్నెండు గొంతులవుతాయి. అందులో ‘స’ ఒక్కరే పలకాలి, అందరూ పలికితే పాము బుస కొట్టినట్టు ఉంటుంది.

మిక్సింగ్, మాస్టరింగ్

మన చెవులు సినిమా పాటకు అలవాటుపడ్డాయి, అక్కడ గొంతు అన్నిటికన్నా ముందు నిలబడి ఉంటుంది. రాక్ మిక్స్‌లో గొంతు బ్యాండు మధ్యలో ఉంటుంది. ఆ రెండింటి నడుమ ఎక్కడ నిలబడాలో బ్యాండు ముందే అనుకుని, నచ్చిన రెండు మూడు పాటలు నమూనాగా ఇంజనీరుకి ఇవ్వాలి. మాట అందకపోతే గొంతు పెంచడం మొదటి మందు కాదు. హల్లులు తేటగా వినిపించే 2 నుంచి 4 కిలోహెర్ట్జ్ మధ్యే డిస్టార్షన్ గిటార్లు కూడా కూర్చుంటాయి. పాడే చోట మాత్రం గిటార్లను అక్కడ రెండు మూడు డీబీలు తగ్గిస్తే మాట బయటికొస్తుంది.

ఫోను స్పీకరులో అట్టడుగు బేస్ వినిపించదు. బేస్ గిటారుకి కాస్త డిస్టార్షన్ కలిపి, 700 హెర్ట్జ్ నుంచి 1 కిలోహెర్ట్జ్ దాకా పైకి తెస్తే ఫోనులో కూడా లైను తెలుస్తుంది. కారులో, చవక ఇయర్‌ఫోన్లో, ఫోనులో, చాలా తక్కువ వాల్యూమ్‌లో వినండి. మార్పుల జాబితా బ్యాండు తరఫున ఒక్కరే, నిమిషం, సెకనుతో సహా రాసి పంపాలి. నలుగురు నాలుగు వాట్సాప్‌లు పెడితే ప్రతి ఒక్కరి వాయిద్యం పెరుగుతూ పోయి మొదటికొస్తుంది. రెండు విడతల మార్పులతో ఆపండి. గొంతు ఒక డీబీ పెంచిన మిక్స్, తగ్గించిన మిక్స్, గొంతు లేని మిక్స్ కూడా అప్పుడే తీయించి పెట్టుకోండి.

మాస్టరింగ్ వేరే వాళ్లకి ఇవ్వండి, నెలరోజులు అవే పాటలు విన్న చెవికి తప్పులు అందవు. మిక్స్ ఫైల్లో లిమిటర్ (పైకి ఎగిరే చప్పుళ్లను నొక్కేది) తీసేసి, మైనస్ 3 నుంచి మైనస్ 6 డీబీ ఖాళీ ఉంచి పంపాలి. స్పాటిఫై దాదాపు మైనస్ 14 ఎల్‌యూఎఫ్‌ఎస్‌కి (చెవికి తోచే సగటు చప్పుడు కొలత), ఆపిల్ మ్యూజిక్ మైనస్ 16కి సమం చేస్తాయి. అంతకన్నా గట్టిగా నలిపి పంపితే వాళ్లు తగ్గించేస్తారు, నలిగిన డ్రమ్స్ మాత్రం నలిగినట్టే ఉంటాయి. ట్రూ పీక్ (చప్పుడు ఎగిరే అతి పై అంచు) మైనస్ 1 డీబీ దాటకూడదు. వినైల్ (గ్రామఫోన్ రికార్డు) ఆలోచన ఉంటే 12 అంగుళాల రికార్డులో పక్కకి 18 నుంచి 20 నిమిషాలే సుఖం. మధ్యకి వచ్చేకొద్దీ పై స్వరాలు మసకబారతాయి కాబట్టి ప్రతి పక్కా నెమ్మది పాటతో ముగిసేలా వరస పెట్టండి.

కాగితాలు

మాటలు, సంగీతం, రికార్డింగు. మన కాపీరైట్ చట్టం, 1957 కింద ఈ మూడూ వేర్వేరు హక్కులు. ఏ పాటలో ఎవరికి ఎంత శాతమో ఒక పేజీలో రాసి, మిక్సింగ్ మొదలవకముందే అందరూ సంతకాలు పెట్టండి. పాట హిట్టయ్యాక ఈ మాట ఎత్తితే స్నేహాలు పోతాయి. బయటి నుంచి డప్పుకో నాదస్వరానికో పిలిచినవాళ్లతో కూడా డబ్బు ఎంత, పేరు ఎలా వేయాలి అన్నది రాసుకోవాలి. ఏదైనా కంపెనీకి హక్కులు రాసిచ్చేట్టయితే గడువు చూడండి. గడువు రాయకపోతే చట్టం ప్రకారం అయిదేళ్లు, ప్రాంతం రాయకపోతే భారతదేశం.

జానపదం కదా అని పాట తీసుకునేముందు ఆరా తీయండి. అందరి నోటా ఉన్న తెలంగాణ పాటల్లో చాలావాటికి రాసినవాళ్లున్నారు. సినిమా పాట కవర్ (పాత పాటను మళ్లీ పాడి రికార్డు చేయడం) తొలి ఆల్బమ్‌లో వద్దు, కవర్లకు అదే చట్టం సెక్షన్ 31సీ పెట్టే షరతులు, ముందస్తు రాయల్టీ చిన్న బ్యాండుకి బరువు.

రిజిస్ట్రేషన్ చేయకపోయినా కాపీరైట్ ఉంటుంది. అయినా గొడవ వస్తే కాగితం చేతిలో ఉండటం మంచిదే. రాసినవాళ్లూ స్వరపరిచినవాళ్లూ ఐపీఆర్‌ఎస్‌లో (రచయితల, స్వరకర్తల రాయల్టీ వసూలు చేసే సంస్థ) సభ్యులుగా చేరి పాటలు నమోదు చేసుకోవాలి, పాట బయట మోగినప్పుడు రచయిత వాటా వచ్చే దారి అదే.

విడుదల

డిస్ట్రిబ్యూటరుకి (పాటల్ని యాప్‌లన్నిటికీ చేర్చే కంపెనీకి) నాలుగు వారాల ముందే అన్నీ చేరాలి: 24 బిట్ వేవ్ ఫైళ్లు, 3000 బై 3000 పిక్సెళ్ల కవర్, పాటల వివరాలు. కవర్ మీద ధర, వెబ్ చిరునామా, యాప్‌ల లోగోలు ఉంటే తిప్పి పంపుతారు. ప్రతి పాటకీ పన్నెండు అక్షరాల ఐఎస్‌ఆర్‌సీ (రికార్డింగు గుర్తింపు కోడ్), ఆల్బమ్‌కి యూపీసీ (ఆల్బమ్ గుర్తింపు నంబరు) డిస్ట్రిబ్యూటరే ఇస్తారు, వాటిని ఒక షీటులో రాసుకోండి. ముందు రెండు సింగిల్స్ వదిలి తర్వాత ఆల్బమ్ ఇచ్చేట్టయితే ఆ పాటలకి అదే ఫైలు, అదే ఐఎస్‌ఆర్‌సీ వాడాలి. కొత్తది వేస్తే అప్పటిదాకా వచ్చిన ప్లేలు ఆల్బమ్‌లోకి కలవవు.

పేర్ల దగ్గర చాలా జాగ్రత్త. ఇంగ్లీషు అక్షరాల్లో తెలుగు పేరుని ఎలా రాయాలో ఒకసారి నిర్ణయించి అన్నిచోట్లా అదే రాయండి. ఒక చోట ఒక ‘ఏ’, ఇంకోచోట రెండు పెడితే వెతికేవాడికి మీరు ఇద్దరు. బ్యాండు పేరుతో ఇంకెవరైనా ఉన్నారేమో ముందే చూసుకోండి, లేకపోతే మీ ఆల్బమ్ వాళ్ల పేజీలో తేలుతుంది. భాష దగ్గర తెలుగు ఎంచుకోండి. కొనుక్కున్న లూపులు (ఎవరైనా వాడుకునేలా అమ్మే రెడీమేడ్ వాయింపు ముక్కలు) పాటలో ఉంటే యూట్యూబ్ కంటెంట్ ఐడీకి (ఒకరి పాట ఇంకొకరి వీడియోలో ఉంటే పట్టే వ్యవస్థ) ఇవ్వకండి, అదే లూపు వాడిన ఇంకొకరి పాట మీద మీ పేరుతో క్లెయిమ్ పడుతుంది.

విడుదల శుక్రవారం. 2015 జులై నుంచి ప్రపంచమంతటా అదే పద్ధతి. సంక్రాంతికీ దసరాకీ ముందు వారాలు సినిమా పాటలవి, అప్పుడు రాకండి. స్పాటిఫై ప్లేలిస్టు సంపాదకులకు ఒక పాటను విడుదలకి కనీసం ఏడు రోజుల ముందు పంపాలి, మూడు వారాల ముందైతే ఇంకా మంచిది. సాహిత్యం తెలుగు లిపిలో పెట్టి లిరిక్ వీడియో చేయండి, పాట కొత్తవాళ్లకు అందే దగ్గర దారి అదే. విడుదల వారంలోనే బంజారాహిల్స్ లామకాన్ లాంటి చోట ఒక కచేరీ పెట్టుకుంటే విన్నవాళ్లు మనుషులుగా కనబడతారు.

అమెరికాలో ఉన్న తెలుగువాళ్లు కొంటారని బ్యాండ్‌క్యాంప్ (బ్యాండ్లు పాటల్ని నేరుగా అమ్ముకునే సైటు) పెడితే డిజిటల్ అమ్మకాల మీద 15 శాతం వాళ్లు తీసుకుంటారు, మిగిలింది పేపాల్ ద్వారా వస్తుంది. పేపాల్ 2021 ఏప్రిల్ 1 నుంచి దేశంలోపలి చెల్లింపులు ఆపేసింది కాబట్టి, ఇక్కడి శ్రోతలకి టీషర్టులు, సీడీలు అమ్మడానికి కచేరీ దగ్గర యూపీఐ బోర్డు పెట్టుకోవడమే సులువు. డిస్ట్రిబ్యూటరు దగ్గర అమెరికా పన్నులకు సంబంధించిన డబ్ల్యూ-8బెన్ ఫారం పాన్ నంబరుతో నింపండి. అమెరికా నుంచి వచ్చే రాయల్టీ మీద ఒప్పందం ప్రకారం 15 శాతం పన్ను పడుతుంది, నింపకపోతే 30 దాకా కోస్తారు.

విడుదల రోజు పొద్దున్నే ప్రతి యాప్‌లో ఎనిమిది పాటలూ మొదటి నుంచి చివరి దాకా వినండి. వరస, పేర్లు, రచయితల పేర్లు చూడండి. తప్పు ఉంటే డిస్ట్రిబ్యూటరుకి ఆ రోజే రాయండి. మొదటి డబ్బుల లెక్క రెండు మూడు నెలల తర్వాత వస్తుంది. అది వచ్చేలోగా ప్రతి పాట ట్రాకుల్నీ సున్నా నుంచి మొదలయ్యే వేవ్ ఫైళ్లుగా మార్చి, వేగం, స్కేలు ఫైలు పేరులోనే రాసి రెండు డిస్కుల్లోనూ పెట్టండి. అయిదేళ్ల తర్వాత ఆ సాఫ్ట్‌వేర్ తెరుచుకోకపోయినా వేవ్ ఫైలు తెరుచుకుంటుంది.